ఓ.పి. చీటీ మీద భర్త పేరు



అమెరికాలో యూటా, అరిజోనా సరిహద్దున షార్ట్ క్రీక్ అనే చోట ఒక మతశాఖవారు లోకానికి దూరంగా, ఒక్కో పురుషునికి అనేకమంది భార్యలతో బ్రతికారు. మైనరు బాలికలపై అత్యాచారానికి వారి నాయకుడు వారెన్ జెఫ్స్‌కు 2011లో టెక్సాస్ కోర్టు యావజ్జీవ శిక్ష వేసింది. ఈ సంగతి వింటే మనవాళ్ళు ముక్కున వేలేసుకుంటారు. పెడన చుట్టుపక్కల ఉన్న చిన్నిళ్ళ సంగతి మాత్రం ఎవరూ ఎత్తరు.

ఏడో నెల నిండాక ఒంటరిగా పరీక్షకు వచ్చే గర్భిణులను మేము చూస్తుంటాము. చీటీ రాసేచోట భర్త పేరు అడగగానే తల దించుకుంటారు. వెనుక వరుసలో వాళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు. ఆ చూపులకు జంకే వీరు మూడో నెలలో రాలేదు. ఈలోగా రక్తహీనత ముదిరిపోతుంది, బి.పి. పెరిగినా తెలియదు. చాలా ఏళ్ళు మా కౌంటరులోనూ ఈ తప్పు జరిగింది, ఒప్పుకుంటున్నాము. ఆపరేషన్‌కు "మీ ఆయన్ని పిలు, సంతకం పెట్టాలి" అన్నవాళ్ళమూ మేమే. పద్దెనిమిదేళ్ళు నిండి, స్పృహలో ఉన్న స్త్రీ తన ఆపరేషన్‌కు తానే సంతకం చేయవచ్చు.

ఇంకొకటి సూటిగా చెప్పాలి. హెచ్.ఐ.వి., సిఫిలిస్ పరీక్షల్లో ఏదైనా తేలితే భర్తకూ, రెండో ఇంటి ఆమెకూ పరీక్ష జరగాలి. సిఫిలిస్‌కు పెన్సిలిన్ ఇంజెక్షన్ ఉంది. తల్లికి వేళకు వేస్తే బిడ్డను కాపాడవచ్చు. ఒకరికి వేసి మిగతావారిని వదిలేస్తే జబ్బు మళ్ళీ అంటుకుంటుంది. పెద్దావిడ, చిన్నావిడ ఒకరినొకరు తిట్టుకుంటుంటే ఆయన అరుగు మీద పేపరు చదువుకుంటుంటాడు!

సంఘానికి ఈ చిక్కు కొత్త కాదు. 1888లో లాంబెత్ సభలో ఆంగ్లికన్ బిషప్పులు బహుభార్యలున్నవానికి బాప్తిస్మము ఇవ్వరాదన్నారు. 1988లో అదే సభ, మరొకతెను పెండ్లాడనని మాట ఇస్తే భార్యాబిడ్డలతో సహా చేర్చుకోవచ్చనీ, ఉన్న భార్యలను విడిచిపెట్టమని బలవంతం చేయరాదనీ తీర్మానించింది. వెళ్ళగొడితే కష్టాలపాలయ్యేది ఆ స్త్రీలేనని వారికి అప్పటికి తెలిసింది.

రెండో పెండ్లిని మేము వెనకేసుకు రావడం లేదు. భార్య ఉండగా మళ్ళీ పెండ్లాడితే భారతీయ న్యాయ సంహిత 82వ సెక్షన్ కింద ఏడేళ్ళ వరకు జైలు. అయితే అతణ్ణి ముందు వరుసలో కూర్చోబెట్టి, ఆమెను ప్రభువు బల్లకు దూరం పెట్టడం ఏం న్యాయం? హాగరును రొట్టె, నీళ్ళ తిత్తి ఇచ్చి పంపేసింది అబ్రాహామే. ఆ అరణ్యంలో ఆమె బిడ్డ ఏడుపు విన్నది దేవుడు.

పెండ్లి చెల్లినా చెల్లకపోయినా బిడ్డను పోషించవలసిన బాధ్యత తండ్రికి చట్టప్రకారం ఉంది. మా చీటీలో ఇప్పుడు "దగ్గర బంధువు" అనే రాస్తున్నాము. అమ్మ పేరు చెప్పినా, అక్క పేరు చెప్పినా సరే. మూడో నెలలోనే రండమ్మా.