అవ్వల నోటి కథలు: కమాన్‌పూర్‌లో పెరిగిన దేవుడు



రాత్రి పడకలు పఱచిన పిదప పిల్లలు కొంగు పట్టుకొని “అమ్మా, ఒక్క కథ” యని యడుగుట యెల్ల యిండ్లలోను గలదు. అప్పుడు మన నోటికి వచ్చునవి రాజుగారి యేడుగురు కొడుకుల కథ, లేదా బడిపుస్తకములలో జదివిన దొరల కథలు. మనము నీరు త్రాగు ఊరికిని, మన వాకిటినుండి కనబడు గుట్టకును గూడ నొక కథ యుండునని తలచువారము తక్కువ. కావున నీ మాసము బొగ్గుగనుల నడుమ నున్న కమాన్‌పూర్ ప్రాంతపు కథలను గుఱించి ముచ్చటించుకొందము.

కమాన్‌పూర్ పెద్దపల్లి జిల్లాలోని మండలకేంద్రము. 2016 వఱకు కరీంనగరు జిల్లాలో నుండెను. ఆ యూరి పేరు చెప్పగానే అచ్చటి స్త్రీలు మొదట చేతులు జోడించునది ఆదివరాహస్వామికి. హిరణ్యాక్షుడు భూదేవిని నీటిలో ముంచగా విష్ణుమూర్తి వరాహరూపము దాల్చి, తన కోరపై నామెను పైకెత్తెనని పురాణములు చెప్పుచున్నవి. ఆ స్వామియే యిచ్చట నొక బండపై స్వయంభువుగా వెలసెనని ఆ ప్రాంతపువారి నమ్మకము. ఒక మహర్షి తపస్సునకు మెచ్చి ప్రత్యక్షమయ్యెననియు, తొలినాళ్లలో ఎలుక ప్రమాణమున మాత్రమే యుండి, క్రమముగా పెరిగి నేటి యాకారమునకు వచ్చెననియు వృద్ధులు చెప్పుదురు. సంతానము కోరి కొందఱు, పెండ్లి కోరి కొందఱు మ్రొక్కుకొని, కోరిక యీడేరగానే మరల వచ్చి మ్రొక్కు చెల్లించుదురు.

ఆ సమీపముననే రామగిరి యను కొండకోట గలదు. వనవాసకాలమున సీతారామలక్ష్మణులు కొంతకాల మచ్చట నివసించిరని ప్రతీతి. ఆ కొండ మందుమూలికలకు ప్రసిద్ధి. కాళిదాసు మేఘసందేశములో యక్షుడు విరహముతో దినములు గడపిన రామగిరి యిదియే యని కొందఱందురు. పండితులలో పెక్కుమంది మాత్రము నాగపురమునకు సమీపముననున్న రామటేకే యా రామగిరి యని తలచుచున్నారు. అంతమాత్రమున కొండక్రింది యవ్వ తన కథను మానుకొనలేదు. మానుకొన నవసరమును లేదు. సీతమ్మ నడచిన నేలపై తానును నడచుచున్నానను తలపు ఆమెకు పండితుల తీర్పుతో వచ్చినది కాదు.

మూడవ కథ మన వంటింటికి మిక్కిలి దగ్గఱిది. ఇది కమాన్‌పూర్‌ది కాదు, ఇల్లెందుది. కాని బొగ్గుసీమ యంతటికిని ముత్తవ్వ వంటి కథ. భద్రాద్రికి బోవు యాత్రికులెవరో అడవిలో నల్లని రాళ్లను పొయ్యిరాళ్లుగా నిలిపి ఎసరు పెట్టిరట. కట్టెలతోపాటు రాళ్లును మండుట చూచి వారు నివ్వెఱపోయిరట. ఇక చరిత్రకారులు చెప్పునది వేఱు. 1871లో భూగర్భ పరిశోధనశాఖకు చెందిన విలియం కింగు ఇల్లెందు దగ్గఱ బొగ్గును కనుగొనెను. 1886లో ఇంగ్లండులో స్థాపితమైన హైదరాబాదు డెక్కను కంపెనీ త్రవ్వకపు హక్కులు పొందెను. 1920లో నేటి సింగరేణి కంపెనీ యేర్పడెను. గ్రంథములలో కింగు దొరగారి పేరు నిలిచినది. పొయ్యి వెలిగించిన యిల్లాలి పేరు మాత్రము కథలోనైనను లేదు. ఆమె యొకతె యుండెనో లేదో చెప్పజాలము. కాని బొగ్గు పుట్టుకను పొయ్యి దగ్గఱ నుంచి చెప్పిన కథ యేదో యొక యింటి పొయ్యి ప్రక్కననే పుట్టియుండునని నాకు తోచుచున్నది.

ఇట్టి కథలు మనకే గలవా? కావు. ఇంగ్లండు ఉత్తరభాగమున డరహాము అను సీమ గలదు. అదియును బొగ్గుసీమయే. అచ్చట లాంబ్టను అను దొరల వంశమును గుఱించి యొక కథ చెప్పుదురు. ఆ యింటి చిన్నదొర ఆదివారమున చర్చికి బోక వియరు నదిలో గాలము వేసెను. చేపకు బదులు చిన్న పురుగు వంటి వికృతజంతువు తగులుకొనెను. దానిని బావిలో విసరివైచి మఱచిపోయెను. కొన్నాళ్లకు అతడు మతయుద్ధములకై దూరదేశమునకు బోయెను. బావిలోని పురుగు పెరిగి పెరిగి కొండను చుట్టుకొను మహాసర్పమయ్యెను, పశువులను మ్రింగెను, పాడియావుల పాలన్నియు త్రాగెను. తిరిగివచ్చిన దొర యొక మంత్రగత్తెను ఆశ్రయించెను. కవచమునకు కత్తిమొనలు బిగించుకొని నదిలో నిలిచి పోరాడుమనియు, గెలిచిన పిదప తనకు మొదట ఎదురైన ప్రాణిని చంపవలెననియు ఆమె చెప్పెను. అతడట్లే గెలిచెను. కాని వేటకుక్కను వదలవలసిన ముసలితండ్రి సంతోషము పట్టలేక తానే ముందుగా పరుగెత్తుకొని వచ్చెను. కొడుకు తండ్రిని చంపజాలక కుక్కను చంపెను. మాట తప్పినందున తొమ్మిది తరములవఱకు ఆ వంశమున నెవ్వరును మంచముపై చావరని శాపము తగిలెనట.

రెండు కథలను ప్రక్కప్రక్కన నుంచి చూడుడు. రెంటియందును చిన్నది పెద్దదగుచున్నది. నిర్లక్ష్యముతో విసరివైచినది భూతమై పెరిగెను. భక్తితో కొలిచినది దైవమై పెరిగెను. రెంటియందును మాట నిలుపుకొనుటయే ప్రధానము. మ్రొక్కు మఱువరాదని కమాన్‌పూర్ అవ్వ చెప్పుదానినే డరహాము అవ్వ మఱియొక విధమున చెప్పినది.

“ఇది నిజమా అమ్మా?” యని బిడ్డ యడిగినచో నేమి చెప్పవలెను? కసరి నోరు మూయింపవలదు. లేనిపోని సాక్ష్యములు కల్పింపవలదు. “పెద్దలిట్లు చెప్పుకొందురు” అని కథను కథగా చెప్పుడు. “1871లో నిట్లు జరిగినది” అని చరిత్రను చరిత్రగా చెప్పుడు. రెండును వేఱువేఱని తెలిసిన బిడ్డకు రెంటిపైనను ప్రేమ కలుగును.

ఇక నా మనసున నున్న దిగులు చెప్పెదను. వియరు నది యొడ్డుననున్న మంక్‌వియర్‌మౌతు బొగ్గుబావి 1993లో మూతపడెను. డరహాము సీమలో భూమిలోనికి దిగి త్రవ్వు గనులలో నదియే చివరిది. గని పోయినను సర్పము చుట్టుకొన్న కొండ యున్నది, కథయు నున్నది. మన బొగ్గుసీమలో నిది తలక్రిందు లగుచున్నది. బొగ్గుబాయిలున్న కాలమున ఊరు పైన నుండెను, పని క్రింద నుండెను. ఓపెన్‌కాస్టు గనులు వచ్చిన పిదప పలుచోట్ల ఊళ్లే తొలగిపోవుచున్నవి. పొలమునకు, ఇంటికి వెల కట్టుదురు. పొలిమేరలోని పోచమ్మ గద్దెకు, చింతచెట్టు క్రింద చెప్పుకొన్న కథకు వెల కట్టువారెవరు? కుటుంబములు తలయొక కాలనీకి చేరిన పిదప “ఆ గుట్టపై” యని వ్రేలు చూపుటకు గుట్ట యుండదు. చూపు వ్రేలును కొన్నాళ్లకు ఉండదు.

దీనికి మనము చేయదగిన పని యొకటి గలదు. ఇంగ్లండులో ష్రాప్‌షైరు అను సీమయందు జార్జినా జాక్సను అను నామె పల్లెల మాటలను, కథలను, ఆచారములను చాలకాలము సేకరించెను. ఆమె జబ్బుపడగా షార్లెట్ బర్న్ అను నామె యా వ్రాతలను చేపట్టి, తాను మఱికొన్ని సేకరించి, 1883లో గ్రంథముగా వెలువరించెను. ఆ షార్లెట్టే పిమ్మట లండనులోని జానపద పరిశోధక సంఘమునకు తొలి స్త్రీ అధ్యక్షురాలయ్యెను. ఒకతె చేయి విడిచిన పనిని ఇంకొకతె యందుకొన్నందుననే ఆ కథలు దక్కినవి.

మీ యింట అత్తగారో, అమ్మమ్మయో ఉన్నచో ఒక నోటుపుస్తకము తీసికొని ఆమె ప్రక్కన కూర్చుండుడు. ఆమె చెప్పినది చెప్పినట్లే, ఆ యూరి మాటలతోనే వ్రాయుడు, దిద్దవలదు. చెప్పినవారి పేరు, పుట్టినయూరు, తేదీ వేయుడు. కథలోని చెట్టు, బండ, వాగు ఎచ్చట నున్నవో గుర్తుగా వ్రాయుడు. ఇప్పుడు లేనిచో నెచ్చట నుండెడివో వ్రాయుడు. ఒకే కథను ఇద్దఱు రెండు విధములుగా చెప్పినచో రెండును వ్రాయుడు.

ఈ పనికి వంట ముగిసిన పిదప అరగంట చాలును. ఎలుకంత దేవుడు బండంత పెరిగెనని నమ్మిన అవ్వల మనుమరాండ్రము మనము. రోజునకొక పుట వ్రాసినచో నేడాదికి ఎంత పుస్తకమగునో చూడుడు.