రేవతీదేవిని చూసి నవ్వకండి

మా ఇంట్లో ‘మాయాబజార్’ వచ్చిందంటే పండగే. టీవీలో ఎన్నోసారి వేస్తున్నారో లెక్కలేదు. అయినా పొయ్యిమీది కూర దించేసి వచ్చి కూర్చుంటాం. మొన్న ఆదివారమూ అలాగే కూర్చున్నాం. ప్రియదర్శిని పెట్టె ఘట్టం వచ్చింది. మావారు యథాప్రకారం ముందుకి జరిగి, “చూశావుటోయ్! ల్యాప్‌టాప్! వీడియో కాల్! 1957లోనే చూపించేశారు మనవాళ్ళు” అన్నారు.

ఇంతవరకూ నాకే పేచీ లేదు. కె.వి. రెడ్డిగారి ఊహకీ, పింగళివారి కలానికీ, మార్కస్ బార్ట్లీ కెమెరాకీ ఎన్ని దండాలు పెట్టినా తక్కువే. వ్యాసభారతంలో లేని శశిరేఖని మన ఇంటి పిల్లని చేసి, ఎక్కడో ఉన్న బావని పెట్టెలో చూపించారంటే మాటలా!

అయితే ఆ పెట్టె తెరిస్తే ఎవరికి ఏది ప్రియమో అదే కనిపిస్తుంది కదా. బలరాముడికి దుర్యోధనుడు కనిపించాడు. మావాళ్ళు చిరునవ్వు నవ్వారు. రేవతీదేవికి మణిమాణిక్యాలు కనిపించాయి. హాలంతా ఘొల్లుమంది. “ఆడవాళ్ళ మనసు పెట్టె పెట్టి మరీ చూపించాడు వదినా” అని మా మరిది. మావారు నావైపో ఓరచూపు.

అదుగో, అక్కడే వచ్చింది నాకు కోపం.

అయ్యా, శిష్యుడి మీది మమకారంతో చెల్లెలికిచ్చిన మాట గాలికొదిలేసి, కూతుర్ని ఆ శిష్యుడి కొడుక్కి కట్టబెట్టబోయిన పెద్దమనిషిది వాత్సల్యమా? రేవతిది మాత్రం ఆశా? ఆవిడ నిర్దోషి అనను. పాండవులు రాజ్యం పోగొట్టుకోగానే ఆవిడా మొహం చాటేసింది. అందుకు తిట్టండి, నేనూ గొంతు కలుపుతాను. నగలు కనిపించినందుకు నవ్వకండి.

ఆ పెట్టెలో కృష్ణుడికి ఎవరు కనిపించారు? శకుని! అప్పుడెవరూ నవ్వరు. “ఆహా, దీనివెనక ఏదో పరమార్థం ఉంది” అని బుర్ర గోక్కుంటారు. ఆపాటి ఆలోచన రేవతికోసం ఎందుకు చెయ్యరు?

నేను చేశాను, వినండి. ఆ సినిమా రావడానికి ఏడాది ముందు, 1956లో, హిందూ వారసత్వ చట్టం వచ్చింది. తండ్రి స్వార్జితంలో కూతురికి వాటా వచ్చింది గానీ, ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమానంగా పుట్టుకతో హక్కు రాలేదు. హాల్లో కూర్చుని ఆ పెట్టె చూసిన మా అమ్మ తరంలో చాలామందికి, “ఇది నాది” అని చెప్పుకోవడానికి ఒంటిమీది బంగారం తప్ప ఇంకేముంది? పొలం కాగితాల మీద పేరా, ఇంటి పన్ను రసీదు మీద పేరా?

విచిత్రం చూడండి. ఆ సినిమాలో కృష్ణుడి వేషం కట్టిన రామారావుగారే ముఖ్యమంత్రిగా ఉండగా, ఆంధ్రప్రదేశ్‌లో ఆడపిల్లకీ ఉమ్మడి ఆస్తిలో సమాన హక్కు ఇచ్చారు. 1985 సెప్టెంబరు 5 నుంచి అమలు. అంతకుముందే పెళ్ళయినవాళ్ళకి మాత్రం వర్తించదన్నారు. నా పెళ్ళి 1984 వేసవిలో! దేశమంతటికీ 2005లో సవరణ వచ్చి ఆ మెలిక పోయేసరికి, మా పుట్టింటి పొలం పంపకాలు ఎప్పుడో అయిపోయాయి. నాకు మిగిలినవి అమ్మ పెట్టిన నాలుగు గాజులు.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను.

కిందటేడు మా చెల్లెలికి ఆపరేషన్ చెయ్యాలన్నారు. ఆ రాత్రి బంగారం గ్రాము ఎంత ఉందో నా ఫోన్లో చూశాను. మర్నాడూ చూశాను. నాలుగు రోజులు వరసగా చూశాను. అంతే, ఫోను తనలో తను ఏం లెక్క వేసుకుందో గానీ, తెరిస్తే చాలు హారాలు, వడ్డాణాలు, కాసులపేర్లు! మావారు భుజంమీదుగా తొంగిచూసి, “ఏం రేవతీదేవిగారూ!” అన్నారు. ఇంటిల్లిపాదీ నాకు ఆ పేరే ఖాయం చేశారు.

నేను ధర చూసింది కొనడానికి కాదండీ, అమ్మడానికి!

ఆ మాయపెట్టెకీ ఈ ఫోనుకీ వేరే తేడాలు ఎన్నున్నా, లోపం మాత్రం ఒక్కటే. మనిషి కళ్ళు దేనిమీద ఉన్నాయో చెబుతాయి, ఎందుకున్నాయో చెప్పవు. పెట్టెని అనడం దేనికి, దానికి తెలియదు. పక్కన నలభై ఏళ్ళుగా కాపరం చేస్తున్న మనిషికైనా తెలియాలి కదా! తెలియకపోతే అడగాలి కదా! అడగడం మానేసి, యంత్రం వేసిన లెక్కనే నమ్మి నవ్వితే, ఆ నవ్వు తగిలేది యంత్రానికి కాదు.

నా నాలుగు గాజుల్లో ఇప్పుడు రెండే ఉన్నాయి. చెల్లెలు కులాసాగా తిరుగుతోంది. సంక్రాంతికి రెండు గాజులతోనే పీటలమీద కూర్చున్నాను. మిగతావి ఏవని మావారు అడగలేదు, నేనూ చెప్పలేదు. ఇది అచ్చయితే ఆయనకి తెలుస్తుంది. తెలియనివ్వండి. ‘మాయాబజార్’ మళ్ళీ ఎలాగూ వేస్తారు. రేవతీదేవి పెట్టె తెరిచేటప్పుడు, ఈసారి నేను టీవీ చూడను, మావారి మొహం చూస్తాను.