బరువైన పిల్లలకూ ఒక బరి ఉంది

కాటన్‌పేటలో మా బడికి ఆటస్థలమంటే ముందున్న కాస్త సిమెంటు నేలే. ఆటల పీరియడ్‌లో తొమ్మిదో తరగతి అబ్బాయి ఒకడిని మేం గోడ పక్కన కూర్చోబెట్టేవాళ్లం. పరుగులో వెనకబడతాడు, కబడ్డీలో ఎవరి మీదైనా పడతాడేమోనని భయం. ఏడాదికోసారి తాడు లాగే పోటీలో మాత్రం అతనే మాకు దిక్కు. తోటిపిల్లలు అతనికి పెట్టిన పేరు ఇక్కడ రాయం. అది విని మేమూ ఒకటి రెండుసార్లు నవ్వామని మాత్రం ఒప్పుకుంటున్నాం.

ఈమధ్య అతని నాన్న వచ్చి టీసీ అడిగారు. మార్కెట్లో మూటలు మోసే పని ఆయనది. "ఒళ్లుంది కదా సార్, చదువు రాకపోయినా మూట లేపుతాడు" అన్నారు.

ఒంటి బరువును అర్హతగా చూసే చోటు ఇంకొకటి ఉందని ఆయనకు చెప్పాల్సింది మేమే. జాతీయ అమెచ్యూర్ బాక్సింగ్ పోటీల్లో అన్నిటికంటే పై తరగతి అది. పురుషులకు చాలాకాలం 91 కిలోల పైన అనేవారు, 2021లో 92 చేశారు, ఇప్పుడు 90. మహిళలకు 80 పైన. బడి పిల్లలకు వయసును బట్టి అంకెలు మారతాయి. మిగతా తరగతుల్లో తూకం దగ్గరపడితే తిండీ నీళ్లూ తగ్గించుకునేవాళ్లు ఉంటారు. ఈ తరగతికి కింది హద్దే గాని పై హద్దు లేదు.

ఇందులో పేరు తెచ్చుకున్నవాళ్లు పెద్దింటి బిడ్డలేం కాదు. హర్యానా పల్లెటూరి నుంచి సైన్యంలో చేరిన హవా సింగ్ 1961 నుంచి 1972 మధ్య వరుసగా 11 సార్లు జాతీయ విజేత. 1966లోనూ 1970లోనూ బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో స్వర్ణం ఆయనదే. తర్వాత భివానీలో పిల్లలకు నేర్పారు. ఆయన మనవరాలు నూపుర్ 2025లో లివర్‌పూల్ ప్రపంచ పోటీల్లో 80 కిలోల పై తరగతిలో రజతం తెచ్చింది. పంజాబ్ రైతుబిడ్డ కౌర్ సింగ్ 1980లో ఢిల్లీలో ముహమ్మద్ అలీతో ప్రదర్శన పోటీ ఆడి, 1982 ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచారు. ఆయన కథను 2023లో పంజాబ్ బడి పాఠాల్లో చేర్చారు. సతీశ్ కుమార్‌నైతే సైన్యంలో చేరాక ఎత్తు చూసి బాక్సింగ్‌లోకి పిలిచారు. ఈ తరగతిలో ఒలింపిక్స్‌కు వెళ్లిన తొలి భారతీయుడు ఆయనే, టోక్యోకు.

మన తెలుగు నేలకూ బాక్సింగ్ కొత్త కాదు. నిఖత్ జరీన్, హుసాముద్దీన్ ఇద్దరిదీ నిజామాబాదే. అయితే ఇద్దరూ తేలిక తరగతులవాళ్లు.

"తెలుగు మీడియంలో చదివితే బయట నెగ్గుకురాలేడు" అని మన తల్లిదండ్రులు తరచూ అంటారు. రింగులో రిఫరీ పలికే ఆదేశాలు మూడే: బాక్స్, స్టాప్, బ్రేక్. ఏ దేశంలోనైనా అవే. కన్నడ పిల్లవాడూ తెలుగు పిల్లవాడూ అక్కడ ఆ మూడు మాటలే వింటారు. అసలు అడ్డంకి మా దగ్గరే ఉంది. శాఖ నుంచి కన్నడంలో వచ్చే క్రీడాపోటీల సర్క్యులర్ మా బల్ల మీదే ఆగిపోతుంది. పేర్లు పంపమని అందులో ఉన్నా, మాకు వ్యాయామ ఉపాధ్యాయుడు లేడు కదా అని పక్కన పెట్టేస్తాం.

లావుగా ఉన్న ప్రతి పిల్లవాడూ బాక్సర్ అవుతాడని మేం అనడం లేదు. కాళ్లు కదలాలి, ఊపిరి నిలవాలి, అందుకు ఏళ్లు పడుతుంది. దెబ్బల భయమూ ఉత్తది కాదు. టోక్యోలో సతీశ్ ముఖానికి కుట్లతోనే క్వార్టర్ ఫైనల్ ఆడి ఓడిపోయారు. అందుకే డాక్టరు చూడకుండా, తలకు రక్షణ కవచం లేకుండా, శిక్షకుడు లేకుండా ఏ పిల్లవాణ్ణీ దింపకూడదు. నాలుగైదు తెలుగు బడులు కలిస్తే వారానికి రెండు రోజులు ఒక శిక్షకుణ్ణి పిలిపించుకోలేమా? ఏటా పిల్లలు తగ్గిపోతున్నారని సమావేశాల్లో బాధపడతాం. ఉన్నవాణ్ణి గోడ పక్కన కూర్చోబెట్టేదీ మనమే.

ఈసారి సర్క్యులర్ వస్తే పేరు పంపుతామని ఆ అబ్బాయికి చెప్పాం. "నన్నా సార్?" అని రెండుసార్లు అడిగాడు. నాన్న ఇంకా సరే అనలేదు. టీసీ కాగితం మా దగ్గరే ఉంది. ఆదివారం మళ్లీ వాళ్లింటికి వెళ్తున్నాం.