ప్రశ్నించిన న్యాయవాది

చిత్తూరునందలి కట్టమంచిలో 1843లో జన్మించిన పనప్పాకము ఆనందాచార్యులుగారిని మన చౌడేపల్లె విద్యార్థులలో నెందఱెఱుగుదురు? మన సీమవారే. 1869లో మదరాసు హైకోర్టున వకీలైరి. 1884లో మదరాసు మహాజనసభను స్థాపించినవారిలో నొకరు. మఱుసటియేట బొంబాయిలో జరిగిన తొలి కాంగ్రెసున కేగిన 72 మందిలో నొకరు. 1891లో నాగపురపు కాంగ్రెసునకు అధ్యక్షులు.

పదవు లటుండనిండు. వారు గవర్నరు జనరలుగారి శాసనసభలో సభ్యులై యుండుటయే మాకు ముఖ్యముగా దోచుచున్నది. 1892 నాటి చట్టము సభ్యులకు ప్రశ్నలడుగుటకును, ఆదాయవ్యయములను జర్చించుటకును అనుమతించెనే కాని, ఆ పద్దుపై వోటు నీయలేదు. అట్టి సభలో కూర్చుండుటవలన ప్రయోజనమేమని కొందఱందురు. మేమట్లు తలంపము. ఆజ్ఞాపించుటయే యెఱిగిన ప్రభుత్వమున కెదుట నిలిచి లెక్క యడుగుట, అలవాటు లేనిదే కలుగని ధైర్యము. సాక్షి నడిగి యడిగి నిజము రాబట్టు వకీలునకు ఆ యలవాటు కోర్టులోనే యబ్బును.

ఇచట మా తప్పొకటి యొప్పుకొనవలెను. తరగతిలో రెండవమాఱు “ఏల?” యని లేచిన బాలుని, పాఠము సాగదను తొందరలో, కూర్చుండుమని మేమే యెన్నిమాఱులో గద్దించితిమి. తల్లిదండ్రులారా, మీ యిండ్లలోను నింతేకదా? పరీక్షలలోపల పాఠములు ముగియకున్నను సరే, ఇకమీదట ఆ బాలుని ప్రశ్న ముగియువఱకు నిలువనిత్తుము.