చంద్రునికి గుడి కట్టడం గ్రామ్యమా?: పారిభాషిక పదనిర్మాణంలో నానార్థభీతి

తెలుగులో పారిభాషిక పదాలను గురించి ఎక్కడ చర్చ జరిగినా ఒక సూత్రం తప్పక వినిపిస్తుంది: ఒక పదానికి ఒకే అర్థం ఉండాలి, ఒక అర్థానికి ఒకే పదం ఉండాలి. సూత్రం వినడానికి బాగుంటుంది. దీన్ని ఏ పదాల మీద ప్రయోగించారు, ఏ పదాల మీద ప్రయోగించలేదు అని పరిశీలించినప్పుడే దాని అసలు స్వభావం తెలుస్తుంది. సూర్యచంద్రుల చుట్టూ అప్పుడప్పుడు కనిపించే వెలుగు వలయానికి తెలుగువారు తరతరాలుగా వాడుతున్న మాట ‘గుడి’. వాన రాకను సూచిస్తుందన్న నమ్మకంతో దానినే ‘వరదగుడి’ అని కూడ అంటారు. శాస్త్రవ్యాసాలు, పాఠాలు ఈ మాటను పక్కనపెట్టి ‘పరివేషం’ను ఆశ్రయించాయి. కారణమడిగితే, గుడి అంటే దేవాలయం కదా, చదివేవాడు పొరబడతాడు అని సమాధానం వస్తుంది. ఈ సమాధానం నిలవదని, దాని వెనుక ఉన్న అసలు అభ్యంతరం వేరని చూపడం ఈ వ్యాసోద్దేశం.

అనేకార్థకత శాస్త్రానికి శత్రువైతే మొట్టమొదట బహిష్కరించవలసిన పదం ‘నింబస్’. వేసవి చివర పిడుగులు పడినప్పుడల్లా మన పత్రికలు ‘క్యుములోనింబస్ మేఘాలు’ అని లాటిన్ పదాన్ని ఉన్నదున్నట్టుగా అచ్చువేస్తాయి. ఆ నింబస్ చరిత్ర ఏమిటి? లాటిన్‌లో దానికి హఠాత్తుగా కురిసే జడివాన అని, వానను మోసుకొచ్చే నల్లమబ్బు అని అర్థాలు. వర్జిల్ రచించిన ‘ఈనీడ్’ కావ్యంలో దేవతలు నింబస్ చుట్టుకొని ప్రత్యక్షమవుతారు. అదే కావ్యంలో కాల్బలం గుంపుగా కదలడానికీ ఆ పదమే. ఆ కావ్యానికి వ్యాఖ్య రాసిన సర్వియస్ కాలానికి నింబస్ దేవతల శిరస్సు చుట్టూ ఉండే కాంతి అయింది. సెవిల్ నగరపు ఇసిడోర్ తన పదవ్యుత్పత్తి గ్రంథంలో మరొక అర్థం చేర్చాడు: స్త్రీలు నుదుట ధరించే వస్త్రానికి కుట్టిన బంగారు పట్టీ. మార్షల్ పద్యాలలో అది మధువు పోసే గాజుపాత్ర. ఇన్ని అర్థాలు మోస్తున్న పదాన్ని 1802లో లండన్‌లో మేఘాలను వర్గీకరిస్తూ ప్రసంగించిన ల్యూక్ హోవర్డ్ వానమబ్బుకు శాస్త్రనామంగా నిలిపాడు. అతడు వృత్తిరీత్యా ఔషధాల తయారీదారు. భాషాసంఘ సభ్యుడు కాడు. 1896లో వెలువడిన అంతర్జాతీయ మేఘ చిత్రావళి కాలానికి అతని పేర్లు ప్రపంచమంతటా స్థిరపడ్డాయి. అదే శతాబ్దంలో క్రైస్తవ చిత్రకళను వివరించే పండితులు సాధువుల తల చుట్టూ ఉండే వలయాన్ని కూడ నింబస్ అనే పిలిచారు. వాతావరణ శాస్త్రజ్ఞుడు గాని, కళాచరిత్రకారుడు గాని ఎదుటివాని అర్థానికి భయపడి తన పదాన్ని వదులుకోలేదు.

(నింబస్‌ను మన ‘నింబ’ శబ్దంతో, వేపచెట్టుతో ముడిపెట్టే ఉత్సాహం ఎవరికైనా కలిగితే దానిని ఇక్కడే ఆపడం మంచిది. భాషాశాస్త్రజ్ఞులు దానిని సాధారణంగా లాటిన్ ‘నెబ్యులా’తోనూ, ఆ దారిలో సంస్కృత ‘నభస్సు’తోనూ కలుపుతారు.)

మనం వలయానికి వాడే ఇంగ్లీషు పదం ‘హేలో’ సంగతీ ఇంతే. దాని గ్రీకు మూలానికి అర్థం ధాన్యం నూర్చే కళ్ళం. పశువులు గుండ్రంగా తిరిగి తొక్కే ఆ నేల నుంచి సూర్యచంద్రుల బింబానికీ, వాటి చుట్టూ ఉన్న వలయానికీ ఆ పేరు పాకింది. రైతు కళ్ళం గ్రీకులో ఆకాశానికి ఎక్కగా లేనిది, మన రైతు గుడి తెలుగు శాస్త్రగ్రంథానికి ఎందుకు ఎక్కరాదు?

దీనికి ప్రతిగా, అది వారి భాష, అక్కడ అలవాటు స్థిరపడింది, మనం కొత్తగా నిర్మించుకుంటున్నాము గనుక నిర్దుష్టంగా నిర్మించుకోవాలి అనవచ్చు. అయితే మనం నిర్మించుకున్నవాటినే చూద్దాం. భౌతికశాస్త్ర పాఠాలలో ‘క్షేత్రం’ ఉన్నది. అయస్కాంత క్షేత్రం, విద్యుత్ క్షేత్రం అని చదివే విద్యార్థి తిరుపతిలో దిగగానే ‘తిరుమల క్షేత్రం’ అన్న బోర్డు చూస్తాడు. క్షేత్రమంటే పొలం, పుణ్యస్థలం. భగవద్గీత చదివినవానికి శరీరం. ఇన్ని అర్థాల మధ్య ఏ విద్యార్థీ అయస్కాంతానికి కొబ్బరికాయ కొట్టలేదు. ‘పని’, ‘బలం’, ‘శక్తి’ సంగతి చెప్పనక్కరలేదు. ఇక గుడికి బదులుగా తెచ్చిన పరివేషం పక్కనే అమరసింహుడు ‘పరిధి’ని పర్యాయంగా పెట్టాడు. ఆ పరిధి ఇవాళ గణితంలో వృత్తం చుట్టుకొలత, న్యాయస్థానంలో అధికారసీమ, సంపాదకీయాలలో ‘తమ పరిధి దాటారు’ అనే నింద. పుణ్యస్థలమని అర్థమున్న క్షేత్రం శాస్త్రపదం కావచ్చు, దేవాలయమని అర్థమున్న గుడి కారాదు. వీటి మధ్య తేడా అర్థాల సంఖ్యలో లేదు. ఒకటి తత్సమం, రెండవది దేశ్యం. అభ్యంతరం అక్కడున్నది; దానికి తొడిగిన ముసుగు నానార్థభీతి.

మన సంప్రదాయానికి ఈ భయం లేదు. అమరకోశం మూడవ కాండలో నానార్థవర్గం ఉన్నది. పైడిపాటి లక్ష్మణకవి ‘ఆంధ్రనామసంగ్రహం’లో అచ్చతెలుగు పదాలకు నానార్థవర్గును ప్రత్యేకంగా కూర్చాడు. అనేకార్థక పదాల అర్థాన్ని సంయోగం, విప్రయోగం, సాహచర్యం, ప్రకరణం వంటివి నిర్ణయిస్తాయని భర్తృహరి చెప్పగా, ఆ జాబితాను ఆలంకారికులు స్వీకరించి శతాబ్దాల పాటు పాఠం చెప్పారు. ఇవాళ తెలుగు శాఖలలో ఉదయం పింగళి సూరన ‘రాఘవపాండవీయము’ను జాతి గర్వకారణంగా బోధించి, మధ్యాహ్నం పదకోశ సమావేశంలో రెండర్థాల పదం పనికిరాదని తీర్మానించడం జరుగుతున్నది. ఒక కావ్యం మొత్తం రెండు కథలు చెప్పగా విడదీసి చదువుకోగలిగిన జాతి, ఒక్క పదాన్ని విడదీసుకోలేదని ఎలా నమ్మడం?

ఇంతకూ గుడి విషయంలో పొరబాటుకు అవకాశం ఉన్నదా? వాక్యనిర్మాణాన్ని పరిశీలిస్తే లేదని తెలుస్తుంది. ‘రాజు గుడి కట్టాడు’, ‘ఊరివారు గుడి కట్టించారు’ అన్నప్పుడు కట్టు ధాతువు సకర్మకం. కట్టినవాడు వేరు, కట్టబడినది వేరు. ‘చంద్రునికి గుడి కట్టింది’ అన్నప్పుడు గుడి కర్మ కాదు, అదే కర్త. ఇక్కడ కట్టు అకర్మకం. ఏర్పడు, పేరుకొను అని అర్థం. ‘పాలకు మీగడ కట్టింది’ అనేది దీనికి సరియైన జోడు. ‘చంద్రుడు గుడి కట్టాడు’ అనే ప్రయోగం కూడ వ్యవహారంలో వినబడుతుంది. దానికి జోడు ‘పాలు మీగడ కట్టాయి’. రెండు నిర్మాణాలూ మీగడకు ఎలా చెల్లుతున్నాయో గుడికీ అలాగే చెల్లుతున్నాయి. కాబట్టి చంద్రుడు దేవాలయం నిర్మించుకున్నాడని, జనం కవితాత్మకంగా ఊహించుకున్నారని తరచుగా చెప్పే వివరణ వాక్యాన్ని సరిగా చూడకుండా చెప్పినది. చిత్తూరు సరిహద్దులో తమిళులు చంద్రుడు కోట కట్టాడంటారు. అక్కడ కట్టడమనే ఊహ స్పష్టంగా ఉన్నది. ఆ ఊహను తెలుగు పదానికి అతికించనవసరం లేదు.

మరొక ఆధారం మన వర్ణమాలలోనే ఉన్నది. ఇత్వం గుర్తును గుడి అని, ఈత్వం గుర్తును గుడిదీర్ఘం అని పిల్లలకు నేర్పుతున్నాము. అక్షరం తల మీద చుట్టుకొని కూర్చున్న ఆ గుర్తుకూ, చంద్రుని చుట్టూ తిరిగిన గీతకూ ఉమ్మడిగా ఉన్నది గుండ్రదనం. ‘గుడుసు’ను కూడ వీటి పక్కన పెట్టి చూడాలి. ఋత్వం గుర్తుకు ‘సుడి’ అని పేరు పెట్టినవారు, ఇత్వానికి దేవాలయాన్ని తలచుకొని పేరు పెట్టారనడం కష్టం. దేవాలయార్థం ప్రధానమనీ మిగిలినవి లక్ష్యార్థాలనీ అనుకోవడం మన అలవాటు మాత్రమే. వలయార్థం దానికదే నిలబడగలదన్నది నా అభిప్రాయం.

‘వరదగుడి’ని నింబస్ పక్కన పెట్టినప్పుడు మరొక విశేషం కనిపిస్తుంది. లాటిన్‌లో పదం వాన నుంచి మబ్బుకు, మబ్బు నుంచి దివ్యకాంతికి ప్రయాణించింది. తెలుగులో వలయమే వాన వైపు నడిచింది. నింబస్‌కు రెండు పుస్తకాలలో ‘వృష్టిమేఘం’, ‘ప్రభామండలం’ అని రెండు సంబంధం లేని సమాసాలు రాసుకునే అనువాదకునికి, వానను, వలయాన్ని ఒకే మాటలో కలిపిన పదం తన ఇంటిలోనే ఉన్నదన్న స్పృహ లేకపోవడం విచారకరం.

విగ్రహశాస్త్ర పరిభాష దీనికంటె కొంత మెరుగు. ప్రభామండలం, శిరశ్చక్రం, ప్రభావళి అనే భేదాలు అక్కడ స్పష్టంగా ఉన్నాయి. ఆ ‘ప్రభ’ కూడ ఒక్కచోట ఆగలేదు: తిరుమల బ్రహ్మోత్సవాలలో ఏడవ రోజు ఉదయం సూర్యప్రభ, రాత్రి చంద్రప్రభ వాహనాలైతే, కోటప్పకొండ శివరాత్రి తిరునాళ్ళకు వచ్చే ఎత్తయిన కట్టడాలు ప్రభలు. ఈ వ్యాపకత్వం మీద ఎవరూ ఫిర్యాదు చేయలేదు.

గ్రామ్యమని తోసివేసిన పదంతో పాటు ఏమి పోతుందో ఇప్పుడు చూడాలి. ‘దూరపు గుడి దగ్గర వాన, దగ్గర గుడి దూరపు వాన’ అనే సామెత అందరికీ తెలిసినదే. దీనిని సామెతల సంపుటాలలో చేర్చి, వాననమ్మకమని ఒక వాక్యంతో వదిలేస్తాము. నిజానికి ఇందులో ఒక వర్గీకరణ ఉన్నది. చంద్రుని చుట్టూ ఏర్పడే వలయాలు ప్రధానంగా రెండు రకాలు. ఒకటి పెద్దది. చాలా ఎత్తున పలుచగా పరచుకున్న మేఘపు పొరలోని ఆరు పలకల మంచు స్ఫటికాలలో కాంతి వంగడం వల్ల, చంద్రునికి సుమారు 22 డిగ్రీల దూరంలో ఏర్పడుతుంది. చేయి బారచాపి చూస్తే ఇంచుమించు జానెడు దూరం. రెండవది చంద్రుని అంటిపెట్టుకొని కొన్ని డిగ్రీలలోనే ముగిసే కాంతిచక్రం. దానికి కారణం మంచు స్ఫటికం కాదు, సన్నని నీటిబిందువుల వద్ద జరిగే వివర్తనం. శాస్త్రం మొదటిదానిని హేలో అని, రెండవదానిని కరోనా అని వేరు చేస్తుంది. సామెత దూరపు గుడి, దగ్గర గుడి అని వేరు చేసింది. మన ‘పరివేషం’ రెండింటినీ ఒకే మూటలో కట్టివేసింది. అస్పష్టమైన పదం ఏదో, నిర్దిష్టమైన పదం ఏదో పాఠకులే నిర్ణయించాలి.

సామెత ప్రతిసారీ ఫలిస్తుందని నా వాదం కాదు. అయితే అది పూర్తిగా నిరాధారమూ కాదు. బంగాళాఖాతంలో వాయుగుండం బలపడినప్పుడు దాని మీదుగా ఎత్తైన మంచుమేఘాల పొర చాలా దూరం ముందుగానే పరచుకుంటుంది. పెద్ద గుడి కట్టేది ఆ పొరలోనే. తూర్పు కనుమలకు ఆనుకొని ఉండి, ఈశాన్య రుతుపవనాల మీద ఎంతో ఆధారపడే తిరుపతి, చిత్తూరు ప్రాంతానికి ఈ గమనిక అవసరమైనది. 2021 నవంబరులో తిరుపతిని ముంచిన వర్షాలు బంగాళాఖాతపు అల్పపీడనం తెచ్చినవే. వాన కోసం ఆకాశాన్ని కనిపెట్టుకొని బతికిన సీమలో ఆకాశ పరిభాష సూక్ష్మంగా ఉండడం సహజం.

ఈ సందర్భంలో మన విశ్వవిద్యాలయాలకు ఒక స్థానిక బాధ్యత ఉన్నది. తిరుపతి నుంచి చిత్తూరుకు పోయే దారికి దగ్గరలో, గాదంకిలో జాతీయ వాతావరణ పరిశోధనాశాల ఉన్నది. 53 మెగాహెర్ట్జ్ పౌనఃపున్యం మీద పనిచేసే అక్కడి రాడార్ మన తల మీది గాలుల కదలికలను కొలుస్తుంది. లైడార్ ద్వారా అక్కడి శాస్త్రజ్ఞులు ఎత్తైన సిరస్ మేఘాలను పరిశీలించారు. గుడి కట్టడానికి కారణమైన మంచు స్ఫటికాలు ఉండేది ఆ మేఘకుటుంబంలోనే. ఆ పరిశోధనాశాల పరిసర గ్రామాలలో వృద్ధులైన రైతులు ఆ మేఘాలను గురించి ఏ మాటలతో మాట్లాడుకుంటారో నమోదు చేయవలసినవారు శాస్త్రజ్ఞులు కారు, మనము. భద్రిరాజు కృష్ణమూర్తిగారి సంపాదకత్వంలో 1962లో వ్యవసాయ పదాలతో వెలువడిన మాండలిక వృత్తిపదకోశం మొదటి సంపుటం, పదాన్ని పొలంలో వెదకాలని చూపింది. పారిభాషిక నిర్మాతలలో చాలామంది ఆ దారిని గౌరవించారే గాని అందులో నడవలేదు. మన సిద్ధాంతగ్రంథాలలోనూ మాండలిక పదాలు చివరి అనుబంధంలో అకారాది జాబితాగా మిగిలిపోతున్నాయి. ప్రతి పదానికి ఎదురుగా ఒక ‘ప్రామాణిక’ పర్యాయం. వాక్యం లేదు, సందర్భం లేదు. ‘గుడి’ ఎదురుగా ‘పరివేషం’ అని రాసి ఊరుకుంటే, పైన చూపిన ధాతుభేదం గాని, దూరపు గుడికి దగ్గర గుడికి ఉన్న తేడా గాని ఎవరికి దొరుకుతాయి?

అందుచేత రాబోయే వాతావరణ పదకోశాలలో హేలోకు ‘దూరపు గుడి’ లేదా ‘పెద్దగుడి’ అని, కరోనాకు ‘దగ్గర గుడి’ అని ప్రధానపదాలుగా చేర్చి, పరివేషాన్ని పర్యాయంగా ఉంచాలని ప్రతిపాదిస్తున్నాను. దీనికి ముందు జరగవలసిన పని ఒకటున్నది. రాయలసీమలో ఆకాశం కమ్ముకొనడానికి ‘మోడం’ అంటారు. ‘మబ్బు’ కొన్ని చోట్ల మేఘం, కొన్ని చోట్ల చీకటి. ‘మొయిలు’ కావ్యాలలో నిలిచింది. ఇవి ఒకే వస్తువుకు పర్యాయాలా, లేక కురిసే మబ్బుకు, కురవని మబ్బుకు, వెలుగును ఆపే మబ్బుకు వేరువేరు పేర్లా? నిఘంటువులు అన్నింటికీ ‘మేఘము’ అని ఒకే అర్థం ఇస్తాయి. పాకాల, పూతలపట్టు, పుంగనూరు, కుప్పం ప్రాంతాలలో ఆశ్విజ కార్తిక మాసాలలో, ఆకాశం వైపు చూస్తూ మాట్లాడే రైతుల వాక్యాలను వాక్యాలుగానే సేకరించినప్పుడు దీనికి సమాధానం తెలుస్తుంది.