పాస్‌బుక్‌ల ఎవరి పేరున్నది?



మొన్న ఇబ్రహీంపట్నంల చాయ్ తాగుతుంటే పక్క బెంచీ మీద ఒకటే ముచ్చట. ఈ కాలం ఆడపిల్లలు చెడిపోయిండ్రట. జీన్స్ ప్యాంట్లు, చేతిల సెల్‌ఫోన్, ఫ్రీ బస్సెక్కి తిరుగుడు. మన సంస్కృతి ఆగమైందట. అక్కడ నోరు మూసుకుని వచ్చిన. మనసొప్పక ఇక్కడ రాస్తున్న.

సాగర్ రోడ్డు మీది ఇంజనీరింగ్ కాలేజీలకు పొద్దుగాల బస్సుల నిలబడి పోయే పిల్లలు ఎవరు? నాట్లేసిన, పత్తి ఏరిన తల్లుల బిడ్డలే. 2023 డిసెంబర్ 9 నుంచి బస్సు ఫ్రీ అయింది. ఆ చార్జీ పైసలు మన ఇంట్లనే మిగులుతున్నయి. ఇండ్ల చెడిపోయిందేంది?

2022 ఆగస్టు 25 యాదికి తెచ్చుకోండి. మన ఇబ్రహీంపట్నం సర్కారు దవాఖానల ఒక్క రోజే 34 మంది ఆడోళ్లకు కుటుంబ నియంత్రణ ఆపరేషన్లు చేసిండ్రు. నలుగురు తల్లులు చనిపోయిండ్రు. మగోళ్ల ఆపరేషన్ అంతకన్నా సులువు, ప్రమాదం తక్కువ అని డాక్టర్లే చెప్తరు. మనల ఎంతమందిమి పోయినం? పిల్లలు ఇద్దరికీ కావాలె, గండం మాత్రం ఆమెకే. ఇదేం సంస్కృతి?

గండం ఆమెది సరే, భూమన్నా ఆమెదా? తాతల ఆస్తిల పెండ్లి కాని బిడ్డలకు సమాన వాటా ఎన్టీఆర్ ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడే, 1985 నుంచే మన దగ్గర ఉన్నది. 2005ల దేశమంతా, బిడ్డలందరికీ వచ్చింది. అది పుట్టుకతో వచ్చే హక్కు అని 2020ల సుప్రీంకోర్టు గట్టిగ చెప్పింది. మనమేం చేస్తున్నం? భూముల రేట్లు పెరిగినంక ఆడబిడ్డను పిలిచి, పసుపు కుంకుమ కింద ఇంత చేతిల పెట్టి సంతకం తీసుకుంటున్నం. ఆమె వాటా అడిగితే మాత్రం 'ఈ కాలపు ఆడది' అంటున్నం.

ఇంటామె సంగతి ఇంకా అన్యాయం. ఇత్తనం పెట్టేది, కలుపు తీసేది ఆమె. పాస్‌బుక్ మన పేరు మీద. రైతుబీమా 5 లక్షలు పట్టా ఉన్నోళ్లకే. రేపు చేన్ల పాము కరిచి ఆమె పోతే, కాయితాల ప్రకారం పోయింది రైతు కాదు.

మా ఇంట్ల గూడ మొత్తం నా పేరు మీదనే ఉన్నది. దాచుకునేదేమి లేదు. రెండెకరాలు ఆమె పేరు మీద చేయిస్తనని ఇంట్ల చెప్పిన, ఇప్పుడు మీ ముందు చెప్తున్న. మీరు గూడ ఈ రాత్రి పాస్‌బుక్ తీసి చూడండి. ఆమె పేరు కనపడినంక సంస్కృతి గురించి మాట్లాడుకుందాం. చాయ్ పైసలు నావి.