బోర్డు కనపడటం లేదన్న పిల్లను నమ్మండి

కొన్నేళ్ళ క్రితం ఒక తల్లి తన పదకొండేళ్ళ అమ్మాయిని మా కంటి ఓ.పి.కి తీసుకువచ్చింది. "సిస్టరమ్మా, దీనికి చదువంటే బద్ధకం. బోర్డు కనపడదంటుంది గానీ సైకిలు చక్కగా తొక్కుతుంది, పరుగెత్తేటప్పుడు దేన్నీ గుద్దుకోదు. కాస్త మీరైనా గట్టిగా చెప్పండి" అన్నది. అప్పటికే రెండుసార్లు అద్దాలు మార్చారట. చార్టు చదవమంటే ఆ పిల్ల తల పక్కకు తిప్పి, ఓరగా చూస్తూ చదవబోయింది. "తిన్నగా చూడమ్మా" అని మేమే కసిరాము. అలా కసిరినందుకు ఈ రోజుకీ సిగ్గుపడుతున్నాము. తిన్నగా చూస్తే ఆ పిల్లకు కనపడదు, అందుకే పక్కకు చూసింది. ఆ సంగతి రెటీనా డాక్టరు గారి దగ్గరకు పంపాక గానీ తెలియలేదు. అప్పటికి బడిలో ఒక ఏడాది దెబ్బలు తిన్నది.

ఆ జబ్బు పేరు స్టార్‌గార్ట్ వ్యాధి. కార్ల్ స్టార్‌గార్ట్ అనే జర్మన్ కంటి డాక్టరు 1909లో దీనిని గూర్చి వ్రాశారు. సుమారు 8 నుండి 10 వేల మందిలో ఒకరికి వస్తుంది. ఎక్కువగా బడి వయసులోనే బయటపడుతుంది.

మన కంటి వెనుక రెటీనా అనే పలుచని పొర ఉంటుంది. దాని నడిమధ్య ఉన్న చిన్న చోటును మాక్యులా అంటారు. అక్షరాలు చదవడం, ముఖాలు గుర్తు పట్టడం, రంగులు పోల్చుకోవడం దాని పనే. వెలుగు పడినప్పుడల్లా అక్కడి కణాలు విటమిన్ ఏ నుండి తయారైన పదార్థాన్ని వాడుకుంటాయి, దాంతో కొంత చెత్త మిగులుతుంది. ఆ చెత్తను తొలగించడానికి ఉపయోగపడే జన్యువు పేరు ఎ.బి.సి.ఎ.4. దీనిని 1997లో కనుగొన్నారు. అది చెడితే చెత్త పేరుకుని మధ్యలోని కణాలు మెల్లగా చనిపోతాయి. పక్క చూపు చాలామందికి నిలిచే ఉంటుంది కాబట్టి సైకిలు తొక్కుతారు, మెట్లు దిగుతారు. దాన్ని చూసి మనం వేషాలు అంటాము.

ఇంకొక చిక్కు ఉంది. మొదట్లో రెటీనా మామూలుగానే కనపడవచ్చు. ఓ.సి.టి. స్కానులో, ప్రత్యేకమైన రెటీనా ఫొటోలలో తేడా తెలుస్తుంది. అందుచేత, అద్దాలు పెట్టినా చూపు సరిగా రాని పిల్లను "కళ్ళు బాగానే ఉన్నాయి" అన్న మాటతో ఇంటికి తీసుకుపోకండి. రెటీనా డాక్టరుకు చూపించాలా అని అడగండి. అడిగినందుకు ఎవరూ కోప్పడకూడదు.

జబ్బు తెలిసిన తరువాత మన ఇళ్ళలో జరిగే మొదటి పొరపాటు విటమిన్ ఏ మాత్రలు, చేపనూనె గొట్టాలు తెచ్చి మింగించడం. కంటికి మంచిదని ఎవరో చెబుతారు. ఈ జబ్బులో ఆ మాత్రలు పేరుకునే చెత్తను పెంచవచ్చు, కనుక డాక్టరు చెప్పకుండా ఇవ్వకండి. ఆకుకూరలు, క్యారెట్లు మామూలుగా తిననివ్వండి. ఇది ఈ జబ్బు ఉన్నవారికి చెప్పే మాటేనని గమనించాలి. అంగన్‌వాడీలో చిన్న పిల్లలకు వేసే విటమిన్ ఏ చుక్కలు మానవద్దు, అవి రేచీకటి రాకుండా కాపాడేవి.

రెండవది, కోడలి మీద నింద వేయడం. చెడిన జన్యువు సాధారణంగా తల్లి నుండి ఒకటి, తండ్రి నుండి ఒకటి కలిస్తేనే ఈ జబ్బు వస్తుంది. తల్లిదండ్రులిద్దరి చూపూ బాగానే ఉంటుంది. అలాంటి దంపతులకు పుట్టే ప్రతి బిడ్డకూ నాలుగింట ఒక వంతు అవకాశం ఉంటుంది. బయటి సంబంధాలలోనూ రావచ్చు గానీ మేనరికాలలో, మేనమామ పెళ్ళిళ్ళలో ఆ ప్రమాదం ఎక్కువ. ఈ మాట అంటే పెద్దలకు కష్టంగా ఉంటుందని తెలుసు. ఆస్తి బయటికి పోకుండా చేసే పెళ్ళిళ్ళను గూర్చి మేము ఊరుకోలేము.

పోయిన చూపును తిరిగి తెప్పించే మందు ఇప్పటికి లేదు. పరిశోధనలు జరుగుతున్నాయి, వాటి సంగతి మీ రెటీనా డాక్టరునే అడగండి. లక్షలు కట్టించుకుని స్టెమ్ సెల్స్‌తో చూపు తెప్పిస్తామనే ప్రకటనలు నమ్మి పొలం అమ్ముకోవద్దు.

చేయగలిగినవి మాత్రం చాలా ఉన్నాయి. పిల్లను ముందు బల్ల మీద కూర్చోబెట్టమని టీచరు గారిని అడగండి. భూతద్దం, పెద్ద అక్షరాల పుస్తకాలు, ఫోనులో అక్షరాలు పెంచుకోవడం నేర్పండి. ఎండలో టోపీ, చలువ కళ్ళద్దాలు పెట్టించండి. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం ప్రకారం 40 శాతం లేక అంతకు మించిన లోపం ఉన్నట్టు సర్టిఫికెట్ ఉంటే, పరీక్షలో వ్రాసిపెట్టే మనిషిని, గంటకు 20 నిమిషాల అదనపు సమయాన్ని కోరవచ్చు. సర్టిఫికెట్ తీసుకుంటే పెళ్ళి కాదేమోనని దాచిపెట్టే తల్లిదండ్రులను చూశాము. దాచినందువల్ల పిల్ల పరీక్ష పోయింది, అంతే.

ఆ అమ్మాయి ఇప్పుడు కాలేజీలో చదువుతోంది. ఆరాధన అయ్యాక ఎదురుపడినా పలకరించకుండా వెళ్తుందని, పొగరని కొందరు అన్నారు. ముఖం కనపడితే కదా పలకరించడానికి! అందుకే ఎదురైనప్పుడు ముందుగా మేమే "అమ్మాయ్, ఆసుపత్రి సిస్టరమ్మని" అంటాము. వెంటనే గొంతు వచ్చిన వైపు తిరిగి, మా చెవి దగ్గర ఎక్కడో చూస్తూ నవ్వుతుంది.